తల్లిగారి గొర్లు

"అన్నం సల్లగైతాంది. తింటవా, కుక్కకు పెట్టాల్నా?"

నాగరాణి గొంతు పెరటిదాకా వినిపించింది. నాగేందర్ గడప మీద కూర్చుని కాలి బొటనవేలితో నేల గీస్తున్నాడు. మూడు రోజులుగా ఆ ఇంట్లో ఇదే వరస. నాగరాణి వడ్డించడం, మొగుడు ముట్టకపోవడం, చివరికి ఆ అన్నం కుక్క తినడం. ఆ ఇంటికి వచ్చిన కష్టంలో బాగుపడింది కుక్క ఒక్కటే.

గోపమ్మ వాకిట్లో నిలబడి చీర కొంగు నడుముకు దోపుకుంటోంది. మోకాలి ఆపరేషన్ అయి రెండు నెలలైనా కర్ర లేకుండా నాలుగడుగులు వేయలేకపోతోంది. అయినా ఇవాళ గొర్ల దొడ్డి దాకా నడవాలి. పదింటికి కోర్టు కమిషనర్ వస్తాడు. తన గొర్లను చూడటానికి దేవరకొండ కోర్టు ఒక మనిషిని ఈ గుట్టల్లోకి పంపుతోందంటే ఆమెకు ఇంకా నమ్మకం కుదరడం లేదు.

"అమ్మా," అన్నాడు నాగేందర్ తల ఎత్తకుండా. "ఒక మాట ఇంటవా?"

"మూడు దినాలకెల్లి నీ నోట్ల మాటే లేదు. చెప్పు కొడుకా."

"గా పిటిషన్ వాపస్ తీస్కో. కమిషనర్ రాకముందే వకీలమ్మకు ఫోన్ చెయ్."

గోపమ్మ కొంగు దోపుకోవడం ఆపింది.

"ఎందుకు?"

"ఎందుకేంది? ఊరంత నవ్వుతాంది. తల్లి కొడుకు మీదికి కోర్టుకెక్కిందట అని."

"నీ మీదికి నేనెందుకు పోత? నీ బాకీ నీది, నా గొర్లు నాయి. గా ముక్కనే రాపిచ్చిన."

"నీయి నాయి అని ఎన్నడన్న అనుకున్నమా మనం?"

ఆ మాట గోపమ్మకు సూటిగా తగిలింది. నిజమే, ఎన్నడూ అనుకోలేదు. మొగుడు పోయేనాటికి నాగేందర్‌కు పదకొండేళ్ళు. అప్పటి నుంచీ మంద ఒకటే, పొయ్యి ఒకటే. అసలు చిక్కంతా అక్కడే వచ్చింది. ముందటేడు ఫైనాన్స్ కంపెనీవాళ్ళు అప్పిస్తూ "నీ గొర్లు చూపించు" అన్నప్పుడు నాగేందర్ మంద మొత్తం ముందుకు తోలి నిలబెట్టాడు. మంద ఎవరి వెంట నడిస్తే వాళ్ళదేనని ఆ ఇంట్లో పుట్టినప్పటి నుంచీ అనుకునేవాడికి, అందులో అమ్మవి పక్కకు తీసి చూపించాలనే ఆలోచన ఎక్కడి నుంచి వస్తుంది? కంపెనీవాళ్ళు ఫొటో తీసుకున్నారు. కాయితం మీద మాత్రం నలభై గొర్లే రాసుకుని, ఆ నలభైకే పసుపుపచ్చ ప్లాస్టిక్ బిళ్లలు చెవులకు కొట్టారు. కిస్తులు తప్పాయి. కంపెనీ కోర్టుకు పోయి డిక్రీ తెచ్చుకుంది. కృష్ణా నది ఒడ్డుకు మేత వలస పోయిన మంద తిరిగొచ్చిన సాయంత్రమే కోర్టు ఆమీను వచ్చి, బిళ్ల ఉన్నదీ లేనిదీ అని చూడకుండా మొత్తం జప్తు చేశాడు. ఉరుము ఉరిమి మంగలం మీద పడ్డట్టు, కొడుకు బాకీ వచ్చి తల్లి గొర్ల మీద పడింది.

"ఏ మొకం పెట్టుకొని అడుగుతున్నవ్?" నాగరాణి చేతిలో పళ్ళెంతోనే బయటికి వచ్చింది. "అత్త తల్లిగారింటికెల్లి తెచ్చుకున్న గొర్లు గూడ నీ బాకీల కొట్టుకపోతే నీకు సమ్మతమేనా? గా ముప్పై ఒక్కటన్న మిగిలితే రేపు మన పొయ్యి ఎలుగుతది. లేకపోతే బస్సెక్కి హైద్రాబాద్‌ల ఇటుకలు మోసుడే."

"నువ్వు నడుమ రాకు."

"నడుమ రాక? మీ ఇద్దరి నడుమనే గదా నేను సంసారం చేస్తున్న!"

నాగేందర్ లేచి నిలబడ్డాడు. ఏదో అనబోయి తల్లి వైపు చూసి ఆగిపోయాడు. ఆ చూపులో కోపం లేదు. గోపమ్మకు అర్థం కానిది అదే. కోపం ఉంటే ఆమె తట్టుకునేది, ఇద్దరూ నాలుగు మాటలు అనుకుని సాయంత్రానికి ఒకే గిన్నెలో గట్క తాగేవాళ్ళు. కొడుకు కళ్ళలో ఉన్నది భయం.

"వాపస్ తీస్కోవే అమ్మా," అన్నాడు మళ్ళీ, ఈసారి బతిమాలుతున్నట్టు. "నీ కాల్మొక్త."

"కారణం చెప్పు, తీస్కుంట."

నాగేందర్ చెప్పులు కూడా వేసుకోకుండా వాకిలి దాటి వెళ్ళిపోయాడు.

వకీలు సుహాసిని స్కూటీ మీద వచ్చేసరికి తొమ్మిదిన్నర దాటింది. ముప్పై ఏళ్ళు కూడా ఉండవు ఆ పిల్లకు. ఊరు పానగల్, ప్రాక్టీసు దేవరకొండలో. పోయిన వారం గోపమ్మ కుంటుకుంటూ ఆమె ఆఫీసు మెట్లెక్కినప్పుడు ఫీజు సంగతి ఎత్తకుండా ముందు మంచినీళ్ళిచ్చింది. ఆ ఒక్క పనితోనే గోపమ్మ మనసులో ఆమెకు పెద్దపీట పడిపోయింది.

ఇద్దరూ దొడ్డి వైపు నడిచారు. కంది చేను గట్టు మీద గోపమ్మ ఆయాసంతో ఆగింది.

"గా ముచ్చట ఇంకోపారి చెప్పు బిడ్డా."

సుహాసిని నవ్వింది. "ఎన్నిసార్లు చెప్పాలి పెద్దమ్మా?"

"చెప్పరాదు. ఇంటుంటే కడుపు నిండుతది."

"సరే వినండి. ఆ గొర్లు మీ పెండ్లికి మీ నాయిన మీకిచ్చినవి. వాటికి పుట్టినవి కూడా మీవే. చట్టంలో దాన్ని స్త్రీధనం అంటారు. వాటిని మీరు తాకట్టు పెట్టలేదు, బాకీకి జామీను ఉండలేదు. కాబట్టి మొగుడిదైనా కొడుకుదైనా, ఇంకొకరి బాకీకి వాటిని ముట్టుకునే హక్కు ఎవరికీ లేదు. పొరపాటున జప్తు చేస్తే 'ఇవి నావి' అని కోర్టుకు చెప్పుకోవచ్చు. అది విచారించకుండా వేలం వేయడానికి వీల్లేదు. అందుకే జడ్జిగారు వేలం ఆపి కమిషనర్‌ను పంపిస్తున్నారు."

గోపమ్మ కర్ర మీద రెండు చేతులూ ఆనించి వింది. పుట్టి బుద్ధెరిగినప్పటి నుంచీ ఆమెకు తెలిసిన చట్టాలన్నీ తనను వద్దు అనేవే. అడవిలో మేపొద్దు, చెరువు శిఖం భూమిలో మంద పెట్టొద్దు, రోడ్డు మీద తోలొద్దు. అటవీ గార్డు చేతిలో ఒక చట్టం, పట్వారి చేతిలో ఒక చట్టం, అన్నీ ఆమె వైపే వేలు చూపించేవి. ఆమె పక్కన నిలబడి అవతలివాడికి వద్దు అని చెప్పే చట్టం కూడా ఒకటి ఉందని యాభై ఎనిమిదేళ్ళకు తెలిసింది.

"ఎవలు రాసిన్రు బిడ్డా గది?"

"ఎప్పుడో, ఎవరో పెద్దలు."

"నన్ను సూడకుంటనే నా గురించి రాసిన్రు," అంది గోపమ్మ. కళ్ళు తుడుచుకుని మళ్ళీ నడిచింది.

ముండ్ల కంచె చుట్టిన దొడ్డి ముందు తెల్ల కారు ఆగి ఉంది. కమిషనర్ శివకుమార్‌కు నలభై అయిదేళ్ళుంటాయి. ఆయన కూడా వకీలే. ఈ పని మీద కోర్టు ఆయన్ను పంపింది. నల్లకోటు చేతి మీద వేసుకుని, గొర్రె పెంటికలు బూట్లకు అంటకుండా ఎక్కడ కాలు పెట్టాలా అని వెతుక్కుంటున్నాడు. పక్కనే కంపెనీ మేనేజరు, చంకలో ఫైలు, చేతిలో ఆ పాత ఫొటో. కాస్త ఎడంగా, వేపచెట్టు మొదట్లో నాగేందర్ నిలబడి ఉన్నాడు. అతను ఎప్పుడు వచ్చాడో ఎవరికీ తెలియదు. నాగరాణి అత్త వెనకే వచ్చి కంచె పట్టుకుని నిలుచుంది.

"సార్, ఇందులో చూడటానికి ఏముంది?" మేనేజరు ఫొటో చాపాడు. "మంద మొత్తం ఇతను చూపించాడు. మొత్తం మా సెక్యూరిటీయే. బిళ్లలంటారా, కంపకు తట్టుకుని ఊడిపోతుంటాయి."

"కాయితంలో నలభై అని ఉంది కదా," అన్నాడు శివకుమార్. "ముందు బిళ్ల ఉన్నవి అటు, లేనివి ఇటు తోలించండి."

పెద్ద గొర్లను రెండు గుంపులు చేశారు. గొర్రెపిల్లల్ని మాత్రం ఆ మూల చిన్న దొడ్డిలో పొద్దున్నుంచీ విడిగా కట్టడి చేసి ఉంచారు. వాటి అరుపులతో చెవులు గింగుర్లెత్తుతున్నాయి.

"చెప్పండమ్మా," శివకుమార్ గోపమ్మ వైపు తిరిగాడు. "మీవని ఎలా గుర్తుపడతారు?"

ఇంగ్లీషు చదివిన మనిషి, తలపాగా లేని మనిషి, కోర్టు మనిషి, గోపమ్మ మాట కోసం పెన్ను పట్టుకుని ఎదురుచూస్తున్నాడు. ఆమె దగ్గరలో ఉన్న గొర్రెను పట్టుకుని ఎడమ చెవి వేళ్ళ మధ్య పరిచింది. కొసన చిన్న చీలిక, దాని పక్కన గోరంత కోత.

"మా ఇంట్ల ఎడమ చెవి తల్లిగారిది సారు, కుడి చెవి అత్తగారిది. ఆడివిల్ల తోలుకొచ్చుకున్న గొర్రెకు ఎడమ చెవికే గుర్తు. గా చెవికి మొగోడు కత్తి పెట్టొద్దు. మా అత్త గూడ గట్లనే ఉంచుకున్నది. మా నాయిన నాకు ఐదు గొర్లిచ్చిండు. గియ్యన్ని వాటి బిడ్డలు, మనుమరాండ్లు. నా కొడుకు గొర్లు సూడుండ్రి, కుడి చెవికి కోత ఉంటది. కంపెనీ బిళ్ల గూడ కుడి చెవికే కొట్టిన్రు."

శివకుమార్ చెవి మీద వేలు పెట్టి చూశాడు. ఒక్కొక్కటీ చూస్తూ పోయాడు. అయిదు, పది, పదిహేను. ప్రతి ఎడమ చెవికీ అదే చీలిక, అదే కోత. బూట్ల సంగతి మరిచిపోయాడు.

"మా తాతకు ఆస్తి పంపకాల కేసు పద్ధెనిమిదేళ్ళు నడిచింది," అన్నాడు సుహాసినితో మెల్లగా. "రిజిస్టరు కాయితాలుండి కూడా. వీళ్ళు చెవి మీద రాసి పెట్టుకున్నారు చూడండి."

లెక్క అయింది. ఆయన కాయితం చూశాడు, గుంపును చూశాడు.

"అమ్మా, పిటిషన్‌లో ముప్పై ఒకటి అని రాశారు. ఇక్కడ ఇరవై రెండే ఉన్నాయి."

"ముప్పై ఒక్కటి సారు," అంది గోపమ్మ. "వలసకు తోలేటప్పుడు మంచంల ఉండి గూడ ఒక్కోదాన్ని పేరు పెట్టి పిలిచి సాగదోలిన."

"చూశారా సార్!" మేనేజరు నవ్వాడు. "లేనివి కూడా రాశారు. మా నలభై బిళ్లలు మాత్రం నలభైకి నలభై ఉన్నాయి."

సుహాసిని ముఖం చిన్నబోయింది. గోపమ్మ కొడుకు వైపు తిరిగింది. "ఏం కొడుకా, తొవ్వల ఏమన్న సచ్చినయా?"

నాగేందర్ వేపచెట్టు బెరడు గోరుతో గీకుతున్నాడు. "సచ్చినయి," అన్నాడు. "తొమ్మిది."

"గంత పెద్ద ముచ్చట నాకు చెప్పకపోతివి!"

"ఏం చెప్పాలె? నువ్వు దవాఖానల ఉంటివి."

గోపమ్మ గుంపు వైపు చూసింది. తొమ్మిది పేర్లు. ఏ తొమ్మిది? శివకుమార్ కాయితం తిప్పాడు.

"సరే, ఇరవై రెండని రాస్తాను. పిల్లల సంగతి చూద్దాం. అన్నీ అప్పు తర్వాత పుట్టినవే. వాటికి బిళ్లా లేదు, చెవి గుర్తూ లేదు. ఏవి ఎవరివి?"

"మూడో నెల దాటంది చెవి కొయ్యం సారు."

"గుర్తు లేనివన్నీ మావే," అన్నాడు మేనేజరు.

"నీయని ఎవలు చెప్పిన్రు?" గోపమ్మకు ఎక్కడి నుంచి వచ్చిందో ధైర్యం, కమిషనర్ వైపు చేయి చాపింది. "తల్లులనే అడుగుదం సారు. పిల్లల దొడ్డి ఇప్పియ్యుండ్రి."

శివకుమార్‌కు అర్థం కాలేదు. నాగరాణికి అర్థమైంది. పరుగున వెళ్ళి చిన్న దొడ్డి తడిక లాగేసింది.

ముప్పై ఆరు పిల్లలు ఒక్కసారిగా బయటపడ్డాయి. అటు తల్లులు, ఇటు పిల్లలు, ఒకటే అరుపు. దుమ్ము లేచింది. మేనేజరు బెదిరి కంచెకు ఆనుకున్నాడు. శివకుమార్‌కు కనబడింది తెల్లటి గందరగోళం మాత్రమే. ఒక పిల్ల ఆయన కాళ్ళ మధ్య నుంచే దూరిపోయింది. ఒకటి ఎదురుపడిన గొర్రె కింద తల పెట్టబోయింది. ఆ గొర్రె వాసన చూసి కాలితో తోసేసింది. అది రెండో దాని దగ్గరికి పోయింది, రెండోదీ తోసింది. ఎక్కడో దూరంగా ఒక బొంగురు అరుపు వినిపించగానే ఆ పిల్ల చెవులు నిక్కబొడుచుకుని, అన్ని కాళ్ళూ గాల్లోకి లేపి గంతేస్తూ వెళ్ళి ఆ అరిచినదాని పొదుగు పట్టుకుంది. దాని తోక టపటపా కొట్టుకుంది.

అలా ఒకటి తర్వాత ఒకటి. ఎవరూ చెప్పలేదు, ఎవరూ తోలలేదు. చూస్తుండగానే అరుపులు తగ్గాయి. ఇంకా తగ్గాయి. ఆఖరుకు పాలు కుడుస్తున్న చప్పుడు తప్ప ఏమీ మిగల్లేదు. ముప్పై ఆరు పిల్లలూ ముప్పై ఆరు తల్లుల కిందా మోకాళ్ళ మీద వంగి ఉన్నాయి. ఒక్క పిల్ల తప్పిపోలేదు. ఒక్క తల్లి పొరపడలేదు.

శివకుమార్ పెన్ను గాల్లోనే ఆగిపోయింది. మేనేజరు ఫైలు మూసి ఛాతీకి ఆనించుకున్నాడు. సుహాసిని పానగల్లో పెరిగిన పిల్ల, గొర్లు చూడని మనిషి కాదు. అయినా ఆమె కళ్ళలో నీళ్ళు తిరిగాయి. గోపమ్మ మాత్రం వేలసార్లు చూసింది. వేలసార్లు చూసినదాన్నే ఇవాళ కోర్టు నిలబడి చూస్తుంటే ఆమెకూ కొత్తగా కనబడింది. గుడిలో గంట మోగి ఆగిన తర్వాత ఉండే నిశ్శబ్దం లాంటిది అక్కడ కాసేపు నిలిచింది.

"పదిహేనేళ్ళ ప్రాక్టీసులో," అన్నాడు శివకుమార్ చివరికి, "ఇంత తొందరగా, ఇంత నిజంగా సాక్ష్యం చెప్పినవాళ్ళను నేను చూడలేదు."

పిల్ల ఏ తల్లి కింద ఉంటే ఆ తల్లి లెక్కలో రాయడం మొదలుపెట్టాడు.

గోపమ్మ కర్ర ఊతంతో మందలోకి నడిచింది. రెండు నెలల తర్వాత వాటి మధ్యకు రావడం ఇదే. వీపులు నిమురుతూ ఇటు గుంపు దాటింది, అటు గుంపులోకి కాలు పెట్టింది. నాగేందర్ చెట్టు మొదలు వదిలి రెండడుగులు ముందుకు వేశాడు.

"అమ్మా, అటు పోకు. మోకాలు."

ఆమె ఆగిపోయింది. మోకాలి వల్ల కాదు. పసుపుపచ్చ బిళ్ల వేసుకున్న ఒక గొర్రె నెమరు ఆపి తలెత్తి ఆమెను చూస్తోంది. కళ్ళ కింద రెండు నల్ల చారలు.

"కాటుకా?" అంది గోపమ్మ లోగొంతుకతో.

గొర్రె వచ్చి ఆమె చీర కుచ్చిళ్ళు వాసన చూసింది. బిళ్ల దాని ఎడమ చెవికి ఉంది. గోపమ్మ ఆ బిళ్ల పైకి మడిచింది. కింద సగం తెగిన చీలిక. గోరంత కోత. గుర్తు మీదే సరిగ్గా చూసి కొట్టిన బిళ్ల.

దాని పక్కన నల్లపొట్ట. ఆ వెనక ఒంటికొమ్ముది. ఆమె ఒక్కొక్క ముఖమే చూసుకుంటూ పోయింది. తొమ్మిది. తొమ్మిదీ బతికే ఉన్నాయి. తొమ్మిదింటి ఎడమ చెవులకూ కంపెనీ బిళ్లలు.

చచ్చినవి తనవి కావు, కొడుకువి. తాకట్టులో ఉన్నవి చచ్చిపోతే, వాటి బిళ్లలు తీసి తల్లి గొర్లకు కొట్టి నలభైకి నలభై నిలబెట్టాడు. పిటిషన్ వాపస్ తీసుకొమ్మని కాళ్ళు పట్టుకున్నది ఇందుకే.

ఆమె తల తిప్పింది. నాగేందర్ ఆమెనే చూస్తున్నాడు.

"ఏమైందమ్మా?" శివకుమార్ దగ్గరికి వచ్చాడు. ఆయన చూపు ఆమె చేతిలోని చెవి మీద పడింది. "ఇది ఎడమ చెవి కదా. బిళ్ల కుడి చెవికి కదా కొట్టింది?"

గోపమ్మ చెవి మీద నుంచి చేయి తీసింది.

"అమ్మా, ఈ గొర్రె ఎవరిది?"

వానిదే అనేస్తే అయిపోయేది. తొమ్మిది గొర్లు పోతాయి, కొడుకు బయటపడతాడు. కానీ ఆ గొర్రె కింద పాలు తాగుతున్న పిల్ల ఉంది. ఇప్పుడే కదా నోరులేని తల్లులు ఒక్కటి కూడా అబద్ధం ఆడకుండా చూపించాయి. నోరున్న తల్లి తాను, కోర్టు మనిషి ముందు ఏం చెప్పాలి?

"మా అమ్మది సారు."

నాగేందర్ కంచె దాటి వచ్చాడు. ముఖం కందిపోయి ఉంది.

"గా తొమ్మిది మా అమ్మయి. బిళ్లలు నేనే కొట్టిన. నా తొమ్మిది కృష్ణ ఒడ్డున రోగమొచ్చి సచ్చినయి. సచ్చిన గొర్రె చెవి కోసి తెచ్చి చూపిస్తనే ఇన్సూరెన్స్ అని కంపెనోళ్ళు చెప్పిన్రు. వలసల ఉన్నప్పుడు సచ్చిన జీవానికి కత్తి పెడితే మంద మొత్తం ఊడ్సుకపోతదని మా తాతల నాటి మాట. భయపడి బిళ్లలొక్కటే పీక్కొని నిండు జీవాన్ని బొంద పెట్టిన. ఆనక నెలనెల బిళ్లలు లెక్కపెట్టి ఫొటో పంపుమంటే..." అతను తల్లి వైపు చూశాడు. "అమ్మ గొర్లే గదా, మనయే గదా అనుకున్న."

"అదీ సంగతి!" మేనేజరు ఫోను తీశాడు. "సార్, ఇది చీటింగ్. ఇది పోలీసు కేసు."

నాగరాణి కంచె ముండ్లను రెండు చేతులతో పట్టుకుంది. అరచేతిలో నెత్తురు వచ్చినా ఆమెకు తెలియలేదు.

శివకుమార్ చేతిలోని కాయితాలు సర్దుకున్నాడు. "నేను తీర్పు చెప్పేవాణ్ణి కాదు," అన్నాడు. "చూసింది, విన్నది రాసి జడ్జిగారికి ఇచ్చేవాణ్ణి. ఇతను చెప్పింది కూడా రాయాల్సిందే. అది పక్కన పెడితే, గొర్రెలు మీవని పిటిషన్ వేసింది మీరు. మీరు మీ నోటితో చెప్పాలమ్మా."

మేనేజరు ఫోను చెవి దగ్గర పెట్టుకోబోయి ఆగాడు. గొంతు తగ్గించాడు.

"చూడమ్మా, నాకూ ఇంట్లో అమ్మ ఉంది. ఆ తొమ్మిదీ అబ్బాయివేనని చెప్పు. నలభై మాకు సరిపోతాయి. కేసు లేదు, గీసు లేదు."

"బెదిరించి అడుగుతున్నారా?" సుహాసిని గయ్యిమంది.

"దారి చెప్తున్నా మేడం."

"చెప్పకే అమ్మా," అన్నాడు నాగేందర్. "నేను జేలుకు పోత. నీ గొర్లు ఇడ్సిపెట్టకు."

పొద్దున మొగుణ్ణి మాట్లాడనివ్వని నాగరాణి, అత్త ముఖంలోకి చూస్తూ అలాగే నిలబడింది. ఆ చూపు గోపమ్మకు కొడుకు మాటకన్నా బరువనిపించింది.

గోపమ్మ సుహాసిని వైపు తిరిగింది.

"బిడ్డా, ఒకటి అడుగుత. నా గొర్లు ఎవలూ గుంజుకోవద్దని చట్టంల ఉన్నదంటివి. మరి నా అంతల నేను ఇయ్యొద్దని గూడ ఉన్నదా?"

ఈ ప్రశ్న సుహాసినిని ఇంతవరకూ ఏ కక్షిదారూ అడగలేదు.

"లేదు పెద్దమ్మా. మీవి మీ ఇష్టం. ఉంచుకోవచ్చు, అమ్ముకోవచ్చు, ఎవరికైనా ఇవ్వొచ్చు. ఆ హక్కు మీ ఒక్కరిదే. అబ్బాయిది కాదు, కంపెనీది కాదు, కోర్టుది కూడా కాదు."

"కోర్టుది గూడ కాదు," అని గోపమ్మ మెల్లగా మళ్ళీ అనుకుంది. నాయిన ఇచ్చినప్పుడు ఇల్లంతా కలిసి మేపింది. మొగుడున్నప్పుడు మొగుడు అమ్మాడు, కొడుకు ఎదిగాక కొడుకు తోలాడు. నలభై ఏళ్ళలో వాటిని ఏం చేయాలో ఆమెను అడిగినవాళ్ళు లేరు. ఇప్పుడు ఒక కోర్టు, ఒక కంపెనీ, కన్నకొడుకు, కోడలు, ఇంతమంది నిలబడి ఆమె నోటి వైపు చూస్తున్నారు.

ఆమె నడుం నిటారు చేసింది.

"రాసుకో సారు. గియ్యి నాయి. ముప్పై ఒక్కటీ నాయే. ఒక్కటి తక్కువ రాస్తే ఒప్పుకోను."

మేనేజరు పెదవి విరిచి ఫోనులో నంబరు వెతుక్కోవడం మొదలుపెట్టాడు. నాగేందర్ కళ్ళు మూసుకున్నాడు.

"అత్తా!" నాగరాణి అరిచింది.

"ఆగు బిడ్డా. జర రాయనియ్యి," అంది గోపమ్మ, పెన్ను మీద నుంచి చూపు తిప్పకుండా. "ముందుగాల నాయి కావాలె. ఇచ్చుడా, ఇయ్యకపోవుడా, గది ఆనక నేను చెప్త."

శివకుమార్ కాటుక చెవిలోని బిళ్ల నంబరు పైకి చదివి, దాని ఎదురుగా గోపమ్మ పేరు రాశాడు. ఇంకా ఎనిమిది ఉన్నాయి.